విక్టోరియా రాణి వైధవ్యం: అపోహలు - వాస్తవాలు

అపోహ: భర్త పోయాక రాణి పాలన వదిలేసి మూల కూర్చుంది.

వాస్తవం: ఆమె మానేసింది జనానికి కనబడటం. కాగితాలు చూడటం మానలేదు. 1861 డిసెంబర్ 14న విండ్సర్ కోటలో భర్త ఆల్బర్ట్ కన్నుమూసేనాటికి ఇద్దరికీ 42 ఏళ్లే. ఉత్తర్వులకు ప్రీవీ కౌన్సిల్‌లో, అంటే రాణి సలహామండలిలో, రాణి సమ్మతి తప్పనిసరి. ఆమెకేమో ఎవరి ముఖమూ చూడబుద్ధి కాదు. అందుకని కౌన్సిలర్లు ఒక గదిలో, రాణి పక్క గదిలో, నడుమ తలుపు బార్లా తెరిచి ఉండేలా ఏర్పాటు చేశారు. ఆమె తరఫున క్లర్కు ఆర్థర్ హెల్ప్స్ 'సమ్మతం' అనేవాడు. ఆచారమూ చెడలేదు, శోకమూ చెదరలేదు. 1864లో డెన్మార్క్ యుద్ధంలో బ్రిటన్ తలదూర్చకూడదని మంత్రులతో పట్టుబట్టింది కూడా ఈ 'మూల కూర్చున్న' రాణే.

అలాగని అన్నీ సవ్యంగా సాగాయనీ అనలేం. సైనికాధికారుల నియామక పత్రాలు ఒక్కోదాని మీదా ఆమె స్వయంగా సంతకం పెట్టాలి. అవి గుట్టలుగా పేరుకుపోయాయి. 1862లో చట్టం చేసి ఆ నిబంధన సడలించారు.

అపోహ: జనం జాలిపడి ఊరుకున్నారు.

వాస్తవం: రెండేళ్లు ఊరుకున్నారు. 1864లో బకింగ్‌హామ్ ప్యాలెస్ కటకటాలకు ఎవరో 'అద్దెకు ఇవ్వబడును' తరహా ప్రకటన తగిలించారు!

అపోహ: 1866లో పార్లమెంటును ప్రారంభించడంతో శోకదీక్ష ముగిసింది.

వాస్తవం: ఆ రోజు రాజవస్త్రాలు ఆమె ఒంటి మీద లేవు, సింహాసనం మీద పరిచి ఉన్నాయి. ప్రసంగం లార్డ్ ఛాన్సలర్ (అప్పట్లో ప్రభువుల సభ అధ్యక్షుడు) చదివాడు. ఆ తర్వాత 35 ఏళ్లలో ఆమె పార్లమెంటును ప్రారంభించింది మరో ఆరుసార్లే.

ఆమె సర్దుబాటు ఎలాంటిదో 1870లో చేయించుకున్న చిన్న కిరీటం చూస్తే తెలుస్తుంది. బరువు దాదాపు 145 గ్రాములు, 1,187 వజ్రాలు. పెద్ద కిరీటం పెట్టాలంటే వితంతువుల తెల్లటోపీ తీయాలి. ఇది ఆ టోపీ మీదే నిలుస్తుంది. రంగురాళ్లు ఒక్కటీ లేవు, అప్పట్లో శోకంలో రంగులేని రాళ్లే చెల్లేవి కాబట్టి. నాణేల మీద, చిత్రాల్లో మనకు బాగా తెలిసిన కిరీటం ఇదే.

అపోహ: నల్లబట్టల్లోనే సమాధి అయింది.

వాస్తవం: 40 ఏళ్లు నలుపు కట్టిన మాట నిజమే. 1901లో మాత్రం, తను ముందే రాసి పెట్టిన ప్రకారం, తెల్లగౌనులో, పెళ్లినాటి మేలిముసుగుతో విండ్సర్ దగ్గరి ఫ్రాగ్‌మోర్ సమాధి మందిరంలో ఆల్బర్ట్ పక్కకు చేర్చారు.