గెలిచిందెవరో తేలేలోగా కరిగిపోతున్న పదవీకాలం

2025 ఆగస్టు 6న సుప్రీంకోర్టులో ఓ పల్లెటూరి ఓట్లు లెక్కపెట్టారు. హర్యానాలోని పానిపట్ జిల్లా బువానా లాఖు సర్పంచ్ ఎన్నిక అది. పోలింగ్ జరిగింది 2022 నవంబరు 2న. 69వ నంబరు బూత్ లెక్క మీద గొడవ మొదలైంది. ఎన్నికల వివాదాలు వినే ఎలక్షన్ ట్రిబ్యునల్ 2025 ఏప్రిల్‌లో రీకౌంటింగ్‌కు ఆదేశిస్తే, జులైలో హైకోర్టు దాన్ని కొట్టేసింది. చివరికి సుప్రీంకోర్టు ఈవీఎంలను తెప్పించి, అన్ని బూత్‌ల ఓట్లనూ వీడియో తీయిస్తూ రిజిస్ట్రార్ చేత లెక్కపెట్టించింది. మొత్తం 3,767 ఓట్లలో ఓడిపోయాడన్న అభ్యర్థికి 1,051, గెలిచాడన్న అభ్యర్థికి 1,000 వచ్చాయి. ఆగస్టు 11న కోర్టు ఫలితాన్ని మార్చింది. అప్పటికి ఐదేళ్ల పదవిలో రెండేళ్ల తొమ్మిది నెలలు గడిచిపోయాయి.

ఈ ఆలస్యం ఆ ఒక్క ఊరిది కాదు, దీని వెనక డెబ్బై ఏళ్ల చరిత్ర ఉంది.

1951 చివర్లో, అప్పటి మద్రాసు రాష్ట్రంలోని నామక్కల్ స్థానానికి పొన్నుస్వామి అనే అభ్యర్థి వేసిన నామినేషన్ తిరస్కరణకు గురైంది. ఆయన కోర్టుకెక్కారు. ఎన్నిక మొదలయ్యాక కోర్టులు మధ్యలో కల్పించుకోకూడదని, ఫిర్యాదు ఏదైనా ఫలితం వచ్చాక ఎలక్షన్ పిటిషన్‌గానే వేయాలని 1952లో సుప్రీంకోర్టు తేల్చింది. ఎన్నిక సకాలంలో పూర్తి కావాలన్నది అందులోని ఉద్దేశం. అది సరైనదే. కానీ ఆ మాట నిలవాలంటే పిటిషన్ కూడా సకాలంలో తేలాలి కదా!

ఎంపీలు, ఎమ్మెల్యేల విషయంలో ఆ సంగతి త్వరగానే గుర్తించారు. 1966లో 19వ రాజ్యాంగ సవరణతో వారికి ట్రిబ్యునళ్లను రద్దు చేసి, పిటిషన్లను నేరుగా హైకోర్టులకు అప్పగించారు. ఆరు నెలల్లో విచారణ ముగించే ప్రయత్నం చేయాలని ప్రజాప్రాతినిధ్య చట్టం చెబుతోంది. 1993లో పంచాయతీలకు రాజ్యాంగ హోదా ఇచ్చిన 73వ సవరణ వచ్చినప్పుడు, ఎన్నిక మధ్యలో కోర్టుకు వెళ్లకూడదన్న అడ్డుగోడను 243-ఓ అధికరణగా పంచాయతీలకూ కట్టారు. పిటిషన్ ఎవరు వినాలి, ఎన్నాళ్లలో తేల్చాలి అన్నది మాత్రం రాష్ట్రాలకు వదిలేశారు. నా దృష్టిలో అసలు పొరపాటు అక్కడే జరిగింది.

ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ 1994లో పంచాయతీరాజ్ చట్టం, ఆ తర్వాతి ఏడాది ట్రిబ్యునల్ నియమాలు తెచ్చుకుంది. గ్రామ పంచాయతీ వివాదాలు జూనియర్ సివిల్ జడ్జి ముందుకు వెళ్తాయి. ఫలితం వచ్చిన 30 రోజుల్లో పిటిషన్ వేయాలి, లేకపోతే తలుపు మూసుకున్నట్టే. కానీ అదే జడ్జి దగ్గర పొలం గట్ల తగాదాలు, బాకీ దావాలు, ఇంజంక్షన్లు గుట్టలుగా ఉంటాయి. ఎలక్షన్ పిటిషన్ కూడా వాటి వరుసలోనే నిలబడుతుంది.

మన ఊళ్లలో గొడవ ఎలా పుడుతుందో చూసినవాళ్లకు తెలుసు. పోలింగ్ అయిన రోజే మధ్యాహ్నం నుంచి స్కూలు గదిలో లెక్కింపు. తెలంగాణలో సర్పంచ్‌కు గులాబీ బ్యాలెట్, వార్డు సభ్యుడికి తెల్లది. రెండు గుర్తుల మధ్య గీత మీద ముద్ర పడిన కాగితం ఒకటి వస్తుంది. ఒక ఏజెంటు మాకేనంటాడు, ఇంకొకడు చెల్లదంటాడు. బయట జనం, లోపల టెన్షన్, చీకటి పడుతుంటుంది. రిటర్నింగ్ అధికారి ఏదో ఒకటి తేల్చాలి. ఒకటి రెండు ఓట్ల తేడాతో ఫలితం వచ్చిన ఊళ్లో ఆ ఒక్క కాగితమే ఐదేళ్ల పాలన ఎవరిదో నిర్ణయిస్తుంది.

ఓడినవాడు పిటిషన్ వేస్తాడు. నోటీసులు అందడానికి కొన్ని వాయిదాలు, కౌంటర్‌కు కొన్ని. సాక్షుల విచారణ అయ్యాక రీకౌంటింగ్‌కు ఆర్డర్ వస్తే, గెలిచినవాడు హైకోర్టులో రిట్ వేసి స్టే తెచ్చుకుంటాడు. ఓటు రహస్యం కాపాడాలి కాబట్టి గట్టి ఆధారం లేకుండా పెట్టెలు తెరవకూడదన్న సూత్రమూ ఉంది, దాన్ని తప్పుపట్టలేం. కానీ ఈలోగా చెక్ పవర్ ఒకరి చేతిలోనే ఉంటుంది. పదవీకాలం ముగిశాక తీర్పు వస్తే ఊరికి ఒరిగేదేమీ లేదు.

పైకోర్టులూ ఆలస్యానికి అతీతం కాదు. ఆంధ్రప్రదేశ్‌లో 2021 ఏప్రిల్ 8న పరిషత్ ఎన్నికల పోలింగ్ జరిగింది. పోలింగ్‌కు ముందు ఎన్నికల కోడ్ ఎన్నాళ్లు అమల్లో ఉండాలన్న వివాదంలో మే 21న సింగిల్ జడ్జి ఆ ఎన్నికను రద్దు చేశారు. సెప్టెంబరు 16న డివిజన్ బెంచ్ లెక్కింపునకు అనుమతిస్తే, 19న పెట్టెలు తెరిచారు. ఐదు నెలలకు పైగా ఓట్లు స్ట్రాంగ్ రూముల్లోనే ఉండిపోయాయి.

ట్రిబ్యునళ్ల మీద హైకోర్టుల సమీక్షాధికారం రాజ్యాంగ మౌలిక స్వరూపంలో (సవరణతోనూ తీసేయలేని మూలసూత్రాల్లో) భాగమని 1997లో ఎల్. చంద్రకుమార్ కేసులో ఏడుగురు జడ్జీల ధర్మాసనం చెప్పింది. దాని బలంతోనే హైకోర్టులు ఇన్ని నెలల్లో పిటిషన్ తేల్చండని కింది కోర్టును ఆదేశించగలుగుతున్నాయి. అయితే ఆ గడువు కోసం కూడా పిటిషనర్ విడిగా లాయర్ ఫీజు కట్టుకుని రాజధానికి రావాలి. వార్డు సభ్యుడిగా పోటీ చేసిన కూలీకి అది సాధ్యమయ్యే పని కాదు. నిజానికి రాజ్యాంగం 227వ అధికరణ రెండో క్లాజు ప్రకారం హైకోర్టు తనంతట తానే కింది కోర్టుల నుంచి లెక్కలు తెప్పించుకోవచ్చు, నియమాలూ జారీ చేయొచ్చు. ఏ కోర్టులో ఎన్ని ఎలక్షన్ పిటిషన్లున్నాయి, ఒక్కోటి ఏ దశలో ఉందన్న పట్టికను నెలనెలా అడగడానికి కొత్త చట్టమేదీ అక్కర్లేదు.