గొంతు దూకే చోట పుట్టిన పాట

స్విట్జర్లాండ్ ఈశాన్యాన ఆపెన్‌జెల్ కొండల్లో ఉర్నేష్ అనే ఊరుంది. ఆ ఊరి ఆల్డర్ కుటుంబం 1884 నుంచి జానపద సంగీత బృందం నడుపుతోంది. తాతల నుంచి మనవల దాకా ఐదు తరాలు. రెండు వయొలిన్లు, చెల్లో, డబుల్ బాస్, వాటితో పాటు హాక్‌బ్రెట్. చిన్న సుత్తులతో తీగల మీద కొట్టి వాయించే ఈ హాక్‌బ్రెట్ సంతూర్‌కు దూరపు చుట్టం. ఈ వాద్యాలన్నీ పక్కన పెట్టి వాళ్లు గొంతెత్తితే వచ్చేది ట్సోయెర్లి, అంటే మాటల్లేని యోడలింగ్.

యోడలింగ్ అనగానే మనకు కిశోర్ కుమార్ గుర్తొస్తారు. ఆ గమ్మత్తంతా గొంతులో ఉన్న రెండు కండరాలది. కింది స్వరాలు పాడేటప్పుడు స్వరతంత్రుల లోపలి కండరం బిగుసుకుంటుంది. తంత్రులు పొట్టిగా, దళసరిగా మారి మొత్తం మందంతో అదురుతాయి. పై స్వరాలకు వెళ్లేసరికి ఇంకో కండరం థైరాయిడ్ మృదులాస్థిని కొంచెం ముందుకు వంచి తంత్రుల్ని సాగదీస్తుంది. ఇక అదిరేది వాటి పల్చటి అంచులే. ఒక పద్ధతి నుంచి రెండోదానికి మారేటప్పుడు గొంతు చటుక్కున దూకుతుంది. మీసాలొచ్చే వయసు మగపిల్లల మాటలో మనం వినేది కూడా ఈ దూకుడే. చాలా సంప్రదాయాల్లో గాయకులు ఈ అతుకు తెలియకుండా పాడాలని ఏళ్ల తరబడి సాధన చేస్తారు. యోడలింగ్‌లో దాన్నే ఎత్తి చూపిస్తారు. కింది స్వరాలకు ‘ఓ’, ‘ఆ’, పైవాటికి ‘ఊ’, ‘ఈ’ ఎక్కువగా వాడతారు.

ట్సోయెర్లిని ఒకరు మొదలుపెడతారు. కాసేపటికి రెండో గొంతు కలుస్తుంది. మిగతావాళ్లు నిలకడగా స్వరం పట్టి ఉంచుతారు. మన కచేరీలో తంబురా చేసే పని అది. ఒక్కోసారి మట్టి పాత్రలో ఐదు ఫ్రాంకుల నాణేన్ని వేసి తిప్పుతారు. నాణెం అంచు మీద నిలబడి పాత్ర లోపలి గోడ వెంట పరుగెడుతుంటే సన్నగా, ఆగకుండా ఒక నాదం వస్తుంది. మూడు పాత్రలు, మూడు స్వరాలు. ఎవరెప్పుడు గొంతు కలపాలో చెప్పే కాగితమేదీ ఉండదు. పెద్దల పక్కన నిలబడి చెవితో పట్టుకోవాల్సిందే. ఇలాంటి పాటను కాపాడటానికి కుటుంబాన్ని మించిన బడి లేదని నేను నమ్ముతాను.

అలా చెవితోనే అందిన స్వరం ఒకటుంది. ఆల్ప్‌హార్న్ అనే పొడవాటి కొయ్య బూరకు రంధ్రాలుండవు, కాబట్టి సహజ అనుస్వరాలే, అంటే ఊదే తీరును బట్టి ఒకే గొట్టం నుంచి ఒకదాని పైన ఒకటిగా వచ్చే స్వరాలే పలుకుతాయి. అందులో 11వది మన ‘మ’ స్వరపు రెండు రూపాలైన శుద్ధ మధ్యమానికీ ప్రతి మధ్యమానికీ దాదాపు నట్టనడుమ పడుతుంది. స్విట్జర్లాండ్‌లోని మూఓటాటాల్ లాంటి లోయల్లో పాతకాలపు యోడలింగ్‌లో ఈ మధ్యమమే వినిపిస్తుంది. స్వరాలు ముందే స్థిరపడి ఉండే మీటల వాద్యం అకార్డియన్ మీద ఎంత వెతికినా అది దొరకదు.

2025 డిసెంబరులో ఢిల్లీలో జరిగిన యునెస్కో సమావేశంలో స్విస్ యోడలింగ్‌ను మానవాళి సాంస్కృతిక వారసత్వ జాబితాలో చేర్చారు. మన దీపావళి చేరింది కూడా అక్కడే. 2018 నుంచి స్విస్ నగరం లూసెర్న్‌లో యోడలింగ్‌ను ఉన్నత విద్యలో భాగంగా నేర్పుతున్నారు. చాలా సంతోషం. అయితే మీటల వాద్యాల శ్రుతికి అలవాటుపడిన కొత్త గొంతుల్లో ఆ నడిమి మధ్యమం నిలుస్తుందా అన్నదే నా బెంగ.