మెట్ల దారి ఒక్కటే: హైదరాబాద్ అగ్నిప్రమాదాల వెనక కథ

పత్తర్‌గట్టి రాతి కమాన్ల కింద బేరాలాడేవాళ్లలో చాలామందికి ఆ బజారు ఒక వరద తర్వాత వచ్చిందని తెలియదు. 1908 సెప్టెంబర్ 28న మూసీ పొంగి అఫ్జల్‌గంజ్ చుట్టుపక్కల బస్తీలను ఊడ్చేసింది. సుమారు 15 వేల మంది చనిపోయారని అంచనా. ఆ తర్వాతే మోక్షగుండం విశ్వేశ్వరయ్యను పిలిపించారు, ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్ కట్టారు. 1912లో సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు పెట్టి ఇరుకు బస్తీలు తీసేసి వెడల్పు రోడ్లు వేశారు. హైదరాబాద్ రూపం మార్చింది నీళ్లు.

లండన్‌లో ఆ పని నిప్పు చేసింది. 1666లో పుడ్డింగ్ లేన్‌లోని ఓ బేకరీలో అంటుకున్న మంట నాలుగు రోజుల్లో 13 వేలకు పైగా ఇళ్లను కాల్చేసింది. మరుసటి ఏడాదే చట్టం వచ్చింది: ఇక ఇల్లు కడితే ఇటుకతోనో రాయితోనో కట్టాలి. తర్వాత ఇళ్లకు అగ్నిబీమా మొదలైంది, బీమా కంపెనీలే మంటలార్పే మనుషుల్ని పెట్టుకున్నాయి. 1871లో చికాగో తగలబడితే లక్ష మందికి నిలువ నీడ లేకుండా పోయింది. అక్కడా కొయ్య ఇళ్ల మీద ఆంక్షలు బిగిశాయి.

మన పాత నగరంలో అలా ఊరు ఊరంతా కాలే అవకాశం తక్కువ. రాయి, డంగు సున్నం, మూరెడు మందం గోడలు, మధ్యలో ఆకాశం కనిపించే ముంగిలి. ఒక ఇంట్లో పుట్టిన నిప్పు చాలావరకు ఆ ఇంట్లోనే ఆరిపోయేది. పూరిళ్లు కాలుతూనే ఉండేవి గానీ, ఆ మంటలు నగరం ప్లాను మార్చే దాకా రాలేదు. అందుకేనేమో, మనకు వరద గుర్తున్నంతగా మంట గుర్తుండదు.

నిప్పు అంటే సర్కారుకు నిజంగా భయం పుట్టించింది సినిమా. అప్పటి రీళ్లు నైట్రేట్ ఫిల్మువి. ఒకసారి అంటుకుంటే నీళ్లలో ముంచినా మండుతూనే ఉంటాయి. బ్రిటిష్ ఇండియాలో 1918 సినిమాటోగ్రాఫ్ చట్టం తెచ్చినప్పుడు సెన్సార్‌తో పాటు హాళ్లకు లైసెన్సు, అందులో జనం భద్రత అనే షరతు పెట్టారు. ఆంధ్ర ప్రాంతంలో 1955లో వచ్చిన సినిమాల నియంత్రణ చట్టం తర్వాత ఇక్కడికీ వర్తించింది. ప్రొజెక్టర్ గది విడిగా ఉండాలి, తలుపులు బయటికి తెరుచుకోవాలి, దారిలో కుర్చీలు వేయకూడదు. ఆర్టీసీ క్రాస్ రోడ్స్ హాళ్లలో గోడకు వేలాడే ఎర్ర ఇసుక బకెట్లు, చీకట్లో వెలిగే ఎర్ర ఎగ్జిట్ బోర్డు ఆ భయం మిగిల్చినవే. ఆ బకెట్లలో ఇసుక కన్నా పాన్ ఉమ్ములే ఎక్కువ కనిపించేవి, అది వేరే సంగతి. అయినా ఆ పద్ధతి పనిచేసింది. లైసెన్సు రెన్యువల్ ఉంది కాబట్టి ఎవరో ఒకరు మళ్లీ మళ్లీ వచ్చి చూసేవారు.

ఆ తర్వాత నగరం పైకి లేచింది. అబిడ్స్, బేగంపేట, సికింద్రాబాద్‌లలో కాంప్లెక్సులు వచ్చాయి: కింద సెల్లార్, పైన షాపులు, ఆ పైన ఆఫీసులు. నిబంధనలు ఎత్తు చుట్టూ అల్లుకున్నాయి. మామూలు నిచ్చెన అందని చోట మంట వస్తే ఏం చేయాలన్నదే అప్పటి ప్రధాన భయం. జాతీయ భవన నిర్మాణ కోడ్ 1970లో వచ్చింది, అందులో అగ్నిభద్రతకు ఒక భాగమే ఉంది. ఉమ్మడి రాష్ట్రం 1999లో అగ్నిమాపక చట్టం చేసింది. దాని ప్రకారం నివాస భవనం 18 మీటర్లు, వాణిజ్య భవనం 15 మీటర్లు దాటితే ఫైర్ శాఖ ఎన్‌ఓసీ, అంటే అభ్యంతరం లేదనే పత్రం, తప్పనిసరి. స్కూళ్లు, ఫంక్షన్ హాళ్ల లాంటి జనం గుమిగూడే చోట్లకు 6 మీటర్ల ఎత్తు గానీ 500 చదరపు మీటర్ల స్థలం గానీ దాటితే కావాలి. అంతకన్నా చిన్నవి మున్సిపాలిటీ చూసుకుంటుంది.

చూసుకుంటుందా అన్నదే ప్రశ్న. ఈ మధ్య మంటల్లో జనం పోయిన చోట్లు ఒక్కసారి వరసగా చూడండి.

2022 మార్చి 23, బోయిగూడ తుక్కు గోదాం. పైన ఉన్న ఒక్క అంతస్తులో బిహార్ కూలీలు పడుకున్నారు. దిగాలంటే ఒకటే చుట్టు మెట్లు, అవీ కాలుతున్న తుక్కు మధ్యలోకి దిగేవే. 11 మంది చనిపోయారు, కిందికి దూకిన ఒక్కడు బతికాడు. 1911లో న్యూయార్క్ ట్రయాంగిల్ బట్టల ఫ్యాక్టరీలో తలుపుకు తాళం ఉండటం వల్ల దిగలేక చనిపోయినవాళ్లతో కలిపి మృతులు 146 మంది. అక్కడ ఆ ఘటన తర్వాత కార్మిక చట్టాలే తిరగరాశారు. బోయిగూడ తర్వాత గోదాములు సర్వే చేయమన్నారు.

అదే ఏడాది సెప్టెంబర్ 12, సికింద్రాబాద్‌లో ఒక లాడ్జి. సెల్లార్‌లో ఎలక్ట్రిక్ స్కూటర్ల షోరూమ్. అక్కడ బ్యాటరీలు అంటుకున్నాక పొగ మెట్ల మీదుగా గదుల్లోకి ఎక్కింది. 8 మంది పోయారు. 2023 జనవరి 19, మినిస్టర్స్ రోడ్డులో దక్కన్ మాల్. రాత్రంతా మండి, ముగ్గురు కూలీలు లోపలే పోయారు, ఆ బిల్డింగే కూల్చేయాల్సి వచ్చింది. రెండు నెలలు తిరక్కుండానే మార్చి 16న స్వప్నలోక్ కాంప్లెక్స్. వరంగల్, మహబూబాబాద్, ఖమ్మం వైపు నుంచి ఉద్యోగానికి వచ్చిన ఆరుగురు యువతీ యువకులు ఐదో అంతస్తులో పొగకు ఊపిరాడక చనిపోయారు. ఇళ్లకు ఫోన్లు చేసి చెప్పుకునేంత టైమ్ వాళ్లకు దొరికింది. దిగే దారి దొరకలేదు. నవంబర్ 13న బజార్‌ఘాట్ అపార్ట్‌మెంట్‌లో కింద పెట్టిన రసాయనాల డ్రమ్ములు అంటుకుని పై ఫ్లోర్లలో 9 మంది పోయారు.

2025 మే 18 ఆదివారం తెల్లారి, గుల్జార్ హౌజ్. చార్మినార్‌కు కూతవేటు దూరం. ముందు ముత్యాల దుకాణాలు, వాటి మధ్య సొరంగంలాంటి సందు, సందు చివర సన్నటి మెట్లు. పైన ఉమ్మడి కుటుంబం, వేసవి సెలవులకు వచ్చిన పిల్లలు. 17 మంది పోయారు, వారిలో 8 మంది పిల్లలు. పాత నగరంలో ఇలాంటి ఇళ్లు ఎలా తయారయ్యాయో అక్కడివాళ్లకు తెలుసు. వాటాలు పంచుకున్నప్పుడల్లా ఒక గోడ లేచింది, ముంగిలి మీద స్లాబు పడింది, వీధి వైపు గది షాపయింది, దొంగల భయానికి గ్రిల్స్ వచ్చాయి, ఏసీల కోసం కిటికీలు మూసేశారు. డంగు సున్నం ఇంటికి ఉన్న ఒక్క రక్ష, ఆ ఆకాశం ముక్క, పోయింది.

ఈ ఘటనల్లో ఎక్కువ మందిని చంపింది మంట కాదు, పొగ. వేడిగాలి పైకే పోతుంది. కింద అంటుకుంటే మెట్ల గదే పొగగొట్టం అవుతుంది. మనుషులు దిగాల్సిన దారిలోనే పొగ ఎక్కుతుంది. స్వప్నలోక్ మినహా చాలావరకు ఇవి ఆకాశహర్మ్యాలు కావు. అయినా మన చర్చ ఎప్పుడూ ఫైరింజన్ మీద ఉండే స్కైలిఫ్ట్ ఎన్ని మీటర్లు లేస్తుందన్న దగ్గరే ఆగుతుంది. ఏప్రిల్ 14 నుంచి 20 వరకు అగ్నిమాపక వారోత్సవాలు జరుపుతాం. 1944 ఏప్రిల్ 14న బొంబాయి రేవులో ఓడ పేలి చనిపోయిన 66 మంది ఫైర్‌మెన్ గుర్తుగా. వారమంతా స్కూళ్లలో నురగ చల్లి చూపిస్తారు. తాళం వేసిన రెండో మెట్ల తలుపు తీసి చూపిస్తే ఇంకా బాగుంటుంది.

సెల్లార్ల సంగతీ ఇంతే. ప్లానులో అవి పార్కింగ్. తర్వాత గోదాం, షోరూమ్, టిఫిన్ సెంటర్ అవుతాయి. 2007 చివర్లో పెనలైజేషన్ స్కీమ్, తెలంగాణ వచ్చాక 2015లో బిల్డింగ్ రెగ్యులరైజేషన్ స్కీమ్ (బీఆర్‌ఎస్) పేరుతో మరొకటి తెచ్చి ప్లాను దాటిన కట్టడాలకు డబ్బు కట్టించుకుని క్రమబద్ధీకరించే దారి పెట్టారు. సెట్‌బ్యాక్ అంటే బిల్డింగ్ చుట్టూ వదలాల్సిన ఖాళీ, ఫైరింజన్ తిరిగే చోటు, మనిషి దూకే చోటు. దానికి చలానా కడితే కాగితం మీద ఖాళీ పుడుతుందేమో గానీ గోడ జరగదు.

పని జరిగిన చోటూ ఒకటుంది. 1938లో మొదలై ఏటా జరిగే ఎగ్జిబిషన్ నుమాయిష్‌లో 2019 జనవరి 30 రాత్రి వందకు పైగా స్టాళ్లు కాలిపోయాయి. అదృష్టవశాత్తు ఎవరూ చనిపోలేదు. విషయం హైకోర్టుకు వెళ్లింది. తర్వాత మైదానంలో నీటి ట్యాంకులు, హైడ్రెంట్ లైన్లు వచ్చాయి, స్టాళ్ల మధ్య దారులు వెడల్పయ్యాయి. కారణం సులువు: అడగడానికి ఒక్క సొసైటీ ఉంది, ఏటా అనుమతి తీసుకోవాల్సిన అవసరం ఉంది. సినిమా హాళ్లకూ అదే లెక్క పనిచేసింది.

బోయిగూడ గోదాముకో, గుల్జార్ హౌజ్ వెనక సందులో మిద్దెకో అలాంటి తేదీ ఏదీ లేదు. కట్టినప్పుడు ఒకసారి, అదీ అనుమతి తీసుకుని కడితే, ఎవరో చూస్తారు. ఆ తర్వాత కింద ఏం దాస్తున్నారు, పైన ఎంతమంది పడుకుంటున్నారు అని అడగడానికి వచ్చే మనిషి లేడు. కరెంటు మీటరు రీడింగ్ తీసుకోవడానికి మాత్రం నెలనెలా వస్తాడు. ఆ మీటరు ఎక్కువ ఇళ్లలో మెట్ల కిందే ఉంటుంది.