పిల్లలకు అవ్వ ఉత్తరం

చిరంజీవులు పిల్లలకు అవ్వ ఆశీస్సులు.

"ఒక్కదానివే ఊళ్ళో ఎట్లుంటావవ్వా, బోర్ కొట్టదా, భయం కాదా?" అని అడిగి, జవాబు చెప్పేలోపే ఫోన్ పెట్టేశారు. అందుకే ఈ ఉత్తరం.

ముందు బోరు సంగతి. మా కదిరి పక్క పల్లెల్లో పనులు కార్తెలను బట్టి నడుస్తాయి. సూర్యుడు 27 నక్షత్రాలనూ ఏడాదిలో దాటతాడని లెక్క, ఒక్కో నక్షత్రంలో ఉండే కాలమే ఒక కార్తె. 365ని 27తో భాగించండి, ఒక్కో కార్తెకు పదమూడున్నర రోజులు వస్తాయి. మే చివర్లో రోహిణి. రోహిణి కార్తెలో రోళ్ళు పగులుతాయని పెద్దలు ఊరికే అనలేదు. జూన్ 8 ప్రాంతంలో మృగశిర వస్తుంది. ఇక అందరి కళ్ళూ మబ్బు మీదే, ఎందుకంటే ఇక్కడ చెనక్కాయ, అంటే వేరుశనగ, వానను నమ్ముకున్న పంట. నాకు పొలం లేదు, పెరట్లో ఒక మునగ చెట్టు, బీరపాదు ఉన్నాయంతే. అయినా తడి ఆరకముందే విత్తాలని ఊరంతా హడావిడి పడుతుంటే ఇంట్లో కూర్చోబుద్ధి కాదు. విత్తనాల కాయలు వలవడానికి నేనూ పోతాను.

ఇక భయం. దొంగల గురించి కాదు, పాముల గురించి అడగండి. నర్సుగా చూసిన కేసుల్లో నన్ను ఎక్కువ కంగారుపెట్టింది కట్లపాము. రాత్రిపూట తిరుగుతుంది, నేల మీద పడుకున్నవాళ్ళను కరుస్తుంది. పెద్దగా నొప్పి ఉండదు, కాటు గుర్తూ సరిగా కనబడదు. కొన్ని గంటలకు కనురెప్పలు వాలిపోతాయి, ఊపిరి అందదు. అందుకే నేను మంచం మీదే, దోమతెర అంచులు పరుపు కిందికి దోపి పడుకుంటాను. కట్టెలు గోడకు ఆనించి పేర్చను. ఎలుకలు చేరితే వాటి వెనకాలే పామూ వస్తుంది. కరిచిన చోట కోయకూడదు, నోటితో పీల్చకూడదు, తాడుతో బిగించకూడదు. కదలకుండా పడుకోబెట్టి 108కి ఫోన్ చేసి ఆసుపత్రికి తీసుకుపోవాలి. మంత్రం వేయించుకుని ఆలస్యంగా వచ్చినవాళ్ళను చూశాను. ఆ కోపం నాకింకా పోలేదు.

ఇక ఒక్కదాన్నే ఉండడం సంగతి. ఇట్లా సింపుల్‌గా బతకడమంటే ఎవరి సాయమూ లేకుండా బతకడమని కొందరు అనుకుంటారు. నేను ఒప్పుకోను. నా గ్యాస్ బండ మోసేది పక్కింటి అబ్బాయి, వాళ్ళ జేజికి బీపీ చూసేది నేను. పొద్దున్నే నా తలుపు తెరుచుకోకపోతే ఎదురింటామె వచ్చి తట్టాలని మా ఒప్పందం. సంగటిలోకి ఊరుబిండి పచ్చడి కూడా ఎక్కువగా ఆమె ఇంటిదే!

సెలవులకు రండి. రోహిణిలో మాత్రం వద్దు, మీరు తట్టుకోలేరు. టార్చి, బూట్లు తెచ్చుకోండి. ఛార్జర్ కూడా. నా దగ్గరున్నది పాత పిన్నుది.

మీ అవ్వ