గిట్టుబాటు ధర ఎక్కడ పుడుతుంది?

కోనసీమలో దాళ్వా (రెండో పంట వరి) కోతలప్పుడు ఏ టీ కొట్టు దగ్గర కూర్చున్నా ఒక మాట చెవిన పడుతుంది. "ఏం గిట్టుద్దండీ? ఎరువు రేటు చూస్తే అలా ఉంది, కూలి రేటు చూస్తే ఇలా ఉంది." పక్క బల్ల మీద పాడి రైతు తవుడు ధర గురించి వాపోతుంటాడు. ట్రాక్టర్లు బాగుచేసే షెడ్డు ఆయనకు ఇంటి ఖర్చులు పెరిగిపోయాయని దిగులు. ముగ్గురి మాటా నిజమే. కానీ ఒకరి ఖర్చు ఇంకొకరి రాబడి కదా! మరి ముగ్గురికీ ఒకేసారి గిట్టే ధరలు అసలు ఉంటాయా?

ఉంటాయి. చేత్తో లెక్కగట్టి చూపించవచ్చు కూడా.

కాలవ కింద ఒక ఊరు ఊహించుకుందాం. బయటి నుంచి ఏదీ రాదు, బయటికి ఏదీ పోదు. ఊళ్ళో మూడే పనులు: వరి, పాడి, పనిముట్ల షెడ్డు. వరి పంటలో సగం రైతుల దగ్గరే విత్తనానికీ తిండికీ ఉండిపోతుంది. 30 శాతం గడ్డిగా, తవుడుగా, బియ్యంగా పాడి వాళ్ళకు పోతుంది, 20 శాతం షెడ్డు వాళ్ళకు. పాడిలో 60 శాతం (పాలు, పెరుగు, చేలోకి పెంట) రైతులకు, 20 శాతం సొంతానికి, 20 శాతం షెడ్డుకు. షెడ్డు పనిలో 60 శాతం దమ్ము చక్రాలకూ నాగళ్ళకూ, అంటే రైతులకే. 30 శాతం పాడికి, 10 శాతం తమకే. ఇంట్లో తినేది కూడా ఖర్చులోనే వేసుకున్నాం. ఈ అంకెలు నేను కల్పించినవే, ఏ ఊరివీ కావు.

ఇప్పుడు ధరలు వేద్దాం. ఏడాదికి వరి మొత్తం విలువ 5 లక్షలు, పాడి 3 లక్షలు, షెడ్డు పని 3 లక్షలు అనుకోండి. రైతుల ఖర్చు ఎంత? సొంత వరి రెండున్నర లక్షలు, పాడి సరుకు 1.8 లక్షలు, షెడ్డు పని 1.8 లక్షలు. మొత్తం 6.1 లక్షలు. రాబడి చూస్తే 5. అంటే 1.1 లక్షల నష్టం. షెడ్డుకు రాబడి 3 లక్షలు, ఖర్చు 1.9, మిగులు 1.1 లక్షలు. పాడి సరిగ్గా 3కి 3 సరిపోయింది. రైతు పోగొట్టుకున్న ప్రతి రూపాయీ షెడ్డు దగ్గర తేలింది. మూసిన ఊళ్ళో ఇలాగే జరగాలి, డబ్బు పోవడానికి ఇంకో చోటే లేదు. రైతు అప్పు చేయాలన్నా ఆ షెడ్డు దగ్గరే చేయాలి. నాకైతే ఈ లెక్క మొత్తంలో మనసును పట్టుకునేది ఈ ముక్కే. నష్టం రైతు సోమరితనం నుంచో పంట తక్కువ కావడం నుంచో రాలేదు. పంట అంతే ఉంది, కష్టం అంతే ఉంది. ధరల నిష్పత్తి తప్పింది.

వచ్చే ఏడు ఎవరి ఖర్చెంత అయిందో అంతే ధర పెట్టుకోమందాం. వరి 6.1, పాడి 3, షెడ్డు 1.9. మళ్ళీ లెక్క వేస్తే ఖర్చులు 5.99, 3, 2.01 అవుతాయి. ఇంకో విడత తిప్పితే తేడా కంటికి కనబడదు. చివరకు 6, 3, 2 దగ్గర ఆగుతుంది. కావాలంటే సరిచూసుకోండి: రైతుకు 3, 1.8, 1.2 కలిపి 6. పాడికి 1.8, 0.6, 0.6 కలిపి 3. షెడ్డుకు 1.2, 0.6, 0.2 కలిపి 2. అందరికీ గిట్టింది, ఎవరికీ మిగల్లేదు.

తేలింది నిష్పత్తి మాత్రమే అని గమనించాలి. 6 లక్షలు, 3 లక్షలు, 2 లక్షలు అన్నా, 600 బస్తాలు, 300 బస్తాలు, 200 బస్తాలు అన్నా ఒకటే. మూడింటిలో రెండు ఖాతాలు సరిపోతే మూడోది దానంతటదే సరిపోతుంది. ఎవరి సరుకు ఎవరికెంత పోతుందో చెప్పే ఇలాంటి వాటాల పట్టిక ఎంత పెద్దదైనా, వాటాలన్నీ సరిగ్గా నూరు శాతానికి వస్తే, అందరికీ గిట్టే ధరలు ఉండి తీరతాయి. దీని వెనక ఉన్న సిద్ధాంతాన్ని జర్మన్ గణితవేత్తలు పెరాన్ 1907లో, ఫ్రోబెనియస్ 1912లో నిరూపించారు. వాళ్ళు చూసింది అంకెల పట్టికలనే, ధాన్యం ధరలను కాదు.

ఇలాంటి పట్టికను పరిశ్రమల మధ్యకు తెచ్చినవాడు ఆర్థికవేత్త వాసిలీ లియాంటియెఫ్. అమెరికా ఆర్థిక వ్యవస్థ మీద ఆయన మొదటి వ్యాసం 1936లో వచ్చింది. మొదట్లో ఆయన కుటుంబాలను కూడా ఒక పరిశ్రమగా లెక్కేసి పట్టికను మూసేశాడు, తర్వాత వాటిని బయట పెట్టి తెరిచాడు. 1940ల చివర్లో హార్వర్డ్‌లో 500 రంగాల సమాచారాన్ని 42కి కుదించి మార్క్ 2 అనే కంప్యూటర్‌కు ఇస్తే, జవాబు రావడానికి 56 గంటలు పట్టింది. 1973లో ఆయనకు నోబెల్ వచ్చింది.

మన డెల్టా మాత్రం ఎప్పుడూ మూసిన ఊరు కాదు. 1852లో ధవళేశ్వరం ఆనకట్ట పూర్తయ్యాక కాలవలు నీళ్ళతో పాటు పడవల మీద ధాన్యాన్నీ మోశాయి. ఇప్పుడైతే డీజిల్ బయటి నుంచి వస్తుంది, రొయ్యలు బయటికి పోతాయి, వరి మద్దతు ధర ఢిల్లీలో ఖరారవుతుంది. తెరిచిన ఊళ్ళో రైతు నష్టం ఎవరి మిగులో వేలు పెట్టి చూపించలేం. అది గోదావరి దాటి ఎక్కడికో పోయి ఉండవచ్చు. 2011 ఖరీఫ్‌లో కోనసీమ రైతులు క్రాప్ హాలిడే ప్రకటించి చేలు బీడు పెట్టారు. ఖర్చు పెరిగింది, ధర రాలేదు, పాత ధాన్యం కదల్లేదు. మన ఊహా ఊళ్ళో రైతు నాటడం మానేస్తే పాడికి 30 శాతం, షెడ్డుకు 20 శాతం ఆగిపోతాయి. నిజం ఊళ్ళో అయితే నాట్లు వేసే కూలీ, మిల్లు, మిల్లు ఊకతో కాలే ఇటుక బట్టీ, అన్నీ అదే పట్టికలో గళ్ళు.

ఈ లెక్కలో లోపం, వాటాలు మారవని అనుకోవడం. కోత మిషను వచ్చాక గడ్డి చాలావరకు ముక్కలై చేలోనే పడి ఉంటోంది, కుప్ప వేసి పశువులకు పెట్టడం తగ్గింది. మన ఊళ్ళో పాడికి పోయే 30 శాతం 20కి తగ్గి, మిగతా గడ్డిని రైతే చేలో దున్నేసుకున్నాడని పెడదాం. మళ్ళీ తిప్పితే వరి 6.6, పాడి 2.4, షెడ్డు 2 దగ్గర ఆగుతుంది. గడ్డి తగ్గినా పాలు తగ్గలేదనుకున్న లెక్క ఇది. నిజంగా పాలు ఎంత తగ్గుతాయో ఏ సమీకరణమూ చెప్పదు. దానికి కళ్ళం దగ్గరా పాల కేంద్రం దగ్గరా పుస్తకం పట్టుకుని కూర్చుని, కొత్త అంకెలు రాసుకోవాల్సిందే.