ఓవెన్ లేని చాక్లెట్ మాయలు: అపోహలు - వాస్తవాలు

విజయవాడలో మా ఇంటి వంటగదిలోనే ఒక మూలను పనిగదిగా మార్చుకుని కథల్లోని వస్తువులను చాక్లెట్‌తో చేస్తుంటాను. డ్రాగన్ గుడ్డు, మంత్రదండం, పాము పడగ మీది మణి, ఏడు సముద్రాల అవతల మర్రితొర్రలో దాగిన చిలుక. వీటిలో దేనికీ ఓవెన్ అక్కర్లేదు. పుట్టినరోజులకు చేసిపెట్టమని కొందరు, సెలవుల్లో పిల్లలకు నేర్పమని కొందరు వస్తుంటారు. వాళ్ల మాటల్లో కొన్ని నమ్మకాలు పదేపదే వినిపిస్తాయి. వాటిలో కొన్ని రుచిని చెడగొడతాయి. ఒకటి రెండు మాత్రం పిల్లల ప్రాణాల మీదికి తెచ్చేవి. అందుకే రాయాలనిపించింది.

అపోహ: ఓవెన్ పనే లేదు కాబట్టి ఇది సులువు. చాక్లెట్ కరిగించి అచ్చులో పోస్తే అయిపోతుంది.

కేకు కాల్చేటప్పుడు ఓవెన్ వేడి పది డిగ్రీలు అటూ ఇటూ అయినా కేకు కేకులాగే వస్తుంది. చాక్లెట్ రెండు డిగ్రీల తేడాకే మొరాయిస్తుంది. ఓవెన్ లేని ఈ పనిలో కష్టమంతా వేడితోనే.

కారణం కోకో వెన్న. చల్లారేటప్పుడు అది ఆరు రకాల స్ఫటికాలుగా గడ్డకట్టగలదు. మనకు కావలసింది అందులో ఐదో రకం. మెరుపు, విరిచినప్పుడు టప్పున వచ్చే చప్పుడు, వేలికి అంటుకోకుండా నాలుక మీద మాత్రం కరిగే గుణం ఆ రకానివే. అది కరిగేది 34 డిగ్రీల దగ్గర. ఊరికే కరిగించి వదిలేస్తే మిగతా రకాలు కూడా కలిసిపోయి, డ్రాగన్ గుడ్డు మసకబారి, పట్టుకోగానే మెత్తబడుతుంది.

కావలసిన రకాన్నే నిలబెట్టే పద్ధతిని టెంపరింగ్ అంటారు. డార్క్ చాక్లెట్‌ను 45 నుంచి 50 డిగ్రీల దాకా కరిగించి, 27-28కి చల్లార్చి, మళ్లీ 31-32కి తేవాలి. మిల్క్ చాక్లెట్ పని చేసే వేడి 29-30, వైట్ చాక్లెట్‌ది 28-29. ఇంట్లో తేలికైన దారి ఒకటుంది. మూడింట రెండు వంతుల చాక్లెట్ కరిగించి, మిగిలిన ఒక వంతు సన్నగా తరిగి కొంచెం కొంచెంగా వేస్తూ కలపడం. తరిగిన ముక్కల్లోని మంచి స్ఫటికాలు మిగతా దానికి దారి చూపిస్తాయి. కత్తి మొనకు కాస్త పూసి పక్కన పెట్టండి. ఐదు నిమిషాల్లో మెరుస్తూ గట్టిపడితే అచ్చులో పోయవచ్చు. కొనాల్సిన పరికరం ఏదైనా ఉందంటే అది వంటింటి థర్మామీటరే. అచ్చుల మీద పెట్టే డబ్బు ముందు దాని మీద పెట్టండి.

ఇక మన ఊరి సంగతి. మే నెలలో బెజవాడ ఎండ 40 దాటడం మామూలే, కొన్ని రోజులు 45ను కూడా తాకుతుంది. అంటే కోకో వెన్న కరిగే వేడి కన్నా మన వంటగది గాలే వేడిగా ఉంటుంది. 20-22 డిగ్రీలున్న ఏసీ గది లేకుండా ఆ రోజుల్లో అసలైన చాక్లెట్ జోలికి వెళ్లకపోవడమే మంచిది. చల్లని దేశాల వాళ్లు రాసిన వంటకాల్లో ‘గది ఉష్ణోగ్రతలో ఆరనివ్వండి’ అని చదివి మోసపోవద్దు. వాళ్ల గది వేరు, మన గది వేరు.

అపోహ: కాంపౌండ్ చాక్లెట్ అంటే నకిలీ చాక్లెట్.

నకిలీ అనను. అది వేరే పదార్థం, దాని పని వేరు. కోకో వెన్న బదులు అందులో పామ్ కెర్నెల్ వంటి వృక్ష సంబంధ కొవ్వులు, తరచుగా హైడ్రోజనీకరించినవి, ఉంటాయి. టెంపరింగ్ అవసరం లేదు, మన ఎండను కాస్త ఎక్కువ తట్టుకుంటుంది. రుచిలో మాత్రం నోట్లో మైనపు పొర మిగిలినట్టుంటుంది. చిన్నపిల్లలు చేతులతో ఆడుకుంటూ చేసే వాటికి, పై అలంకరణకు వాడతాను. లోపల తినే అసలు భాగానికి మాత్రం కోకో వెన్న ఉన్నదే వాడతాను. పాకెట్ వెనక పదార్థాల వరస చదివితే రెండు క్షణాల్లో తేలిపోతుంది. ఒకటి చెప్పి మరొకటి అమ్మడం మాత్రం తప్పు.

ఇదే సందర్భంలో మరో మాట. మంచి చాక్లెట్ అంటే విదేశాల నుంచే రావాలనుకునేవాళ్లు ఇంకా ఉన్నారు. దేశంలో కోకో ఎక్కువగా పండించే రాష్ట్రం మనదే. ఇక్కడి నుంచి గంటన్నర ప్రయాణం చేసి ఏలూరు దాటితే కొబ్బరి, పామాయిల్ తోటల నీడలో కోకో చెట్లు కనిపిస్తాయి. ఆ గింజలను పులియబెట్టి, ఎండబెట్టి, మన దేశంలోనే చాక్లెట్ చేస్తున్నవాళ్లు ఉన్నారు. ఒకసారి రుచి చూడండి.

అపోహ: రంగు ఏదైనా రంగే. కేకులో కలిపే రంగునే చాక్లెట్‌లోనూ కలపవచ్చు.

కథలకు రంగులు కావాలి. పచ్చని చిలుక, ఎర్రని మణి, నీలి రెక్కలు. అందుకే ఎక్కువ చాక్లెట్ పాడయ్యేది ఇక్కడే. కేకు రంగుల్లో చాలా వాటికి ఆధారం నీళ్లు. కరిగిన చాక్లెట్‌లో రెండు చుక్కల నీళ్లు పడినా, కొవ్వులో విడివిడిగా ఉన్న చక్కెర రేణువులు తడిసి ఒకదానికొకటి అతుక్కుంటాయి. గిన్నెలో ఉన్నదంతా తడి ఇసుకలా ముద్దకడుతుంది. వేడినీళ్ల గిన్నె మీద కరిగించేటప్పుడు ఆవిరి పడినా, తడి గరిటె పెట్టినా జరిగేది ఇదే. అలా ముద్దకట్టినదాన్ని పారేయవద్దు. వేడి పాలో క్రీమో ఇంకాస్త పోసి కలిపితే సాస్‌గా మారుతుంది. అచ్చులకు మాత్రం ఇక పనికిరాదు. చాక్లెట్‌కు నూనె ఆధారిత రంగులు, లేదా కోకో వెన్నలో కలిపిన రంగులు వాడాలి.

మెరుపు పొడుల గురించి గట్టిగా చెప్పాలి. డబ్బా మీద ‘విషరహితం’ అని రాసి ఉంటే అది తినేదని అర్థం కాదు. పొరపాటున నోట్లోకి పోతే ప్రమాదం లేదని మాత్రమే. చేతిపనుల దుకాణంలో దొరికే మెరుపు పొడి సన్నని ప్లాస్టిక్ కావచ్చు. ‘తినదగినది’ అని స్పష్టంగా ఉండి, పదార్థాల వివరాలు, ఎఫ్ఎస్ఎస్ఏఐ (మన దేశ ఆహార భద్రతా సంస్థ) సంఖ్య ఉన్నదే కొనండి. ఆహారంలో వాడేందుకు మన దేశంలో అనుమతి ఉన్న కృత్రిమ రంగులు ఎనిమిదే. వాటిని కూడా చిటికెడుకు మించి వాడను. ముదురు రంగు అడిగిన తల్లిదండ్రులకు లేత రంగే చేసి ఇచ్చిన సందర్భాలున్నాయి.

అపోహ: పొగలు కక్కకపోతే మాయలోకం అనిపించదు.

లిక్విడ్ నైట్రోజన్‌తో పొగ వచ్చే బిస్కెట్లు, మిఠాయిలు పెట్టమని అడుగుతున్నారు. నా సమాధానం ఎప్పుడూ ‘లేదు’ అనే. దాని చలి మైనస్ 196 డిగ్రీలు. ద్రవంగా కడుపులోకి వెళితే దాదాపు ఏడు వందల రెట్లు వాయువుగా ఉబ్బి జీర్ణాశయాన్ని చీల్చగలదు. డ్రై ఐస్ కూడా మైనస్ 78 డిగ్రీల దగ్గర ఉంటుంది, నోట్లో పెడితే కాలిన గాయమే. పుట్టినరోజు పందిట్లో, ఎవరు ఏది ఎప్పుడు నోట్లో పెట్టుకుంటారో తెలియని చోట వీటికి స్థానం లేదు.

మాయకు వేరే దారులున్నాయి. నోట్లో చిటపటలాడే పాపింగ్ క్యాండీలో ఒత్తిడితో బంధించిన కార్బన్ డయాక్సైడ్ ఉంటుంది. తడి తగిలితేనే అది పేలుతుంది. చాక్లెట్ కొవ్వులో తడి లేదు కాబట్టి అందులో కలిపితే నిశ్శబ్దంగా నిలువ ఉంటుంది, కొరికినప్పుడు పలుకుతుంది. డ్రాగన్ గుడ్డు పెంకులో నేను పెట్టేది ఇదే. క్రీము ఉన్న లోపలి ముద్దలో కలిపితే మాత్రం గిన్నెలోనే పేలిపోయి ఏమీ మిగలదు.

రెండోది శంఖుపూలు. ఎండిన పూలను వేడినీళ్లలో నానబెడితే చక్కని నీలం దిగుతుంది. ఆ నీళ్లలో చక్కెర, చైనా గ్రాస్ వేసి ఉడికించి, చల్లార్చి, ముక్కలు చేస్తే నీలమణులు సిద్ధం. ఒక ముక్కను నిమ్మరసంలో వేయండి. అంచుల నుంచి ఊదారంగుకు తిరుగుతుంది. ఆ పూల రంగు పులుపు తగిలితే మారుతుంది, అంతే. ఆ క్షణంలో పిల్లల ముఖాలు చూడటం కోసమే ఎన్నిసార్లయినా చేస్తాను.

చైనా గ్రాస్ సముద్రపు నాచు నుంచి వచ్చేది కాబట్టి శాకాహారులకు ఇబ్బంది లేదు. జెలటిన్ జంతువుల నుంచి తీసేది, పైగా ఒంటి వేడికే కరుగుతుంది. చైనా గ్రాస్ జెల్లీ ఒకసారి గట్టిపడితే 85 డిగ్రీల దాకా కరగదు. బెజవాడ ఎండకు ఇంతకన్నా నమ్మకమైన నేస్తం లేదు.

అపోహ: మైదా, బిస్కెట్ పిండి ముద్ద పచ్చిదే కలిపినా ఏమీ కాదు.

అవుతుంది. పచ్చి మైదాలో సాల్మొనెల్లా, ఇ.కోలై ఉండే అవకాశముంది, ఈ పద్ధతిలో వాటిని చంపే వేడి ఎక్కడా తగలదు. పచ్చి గుడ్డు విషయమూ ఇంతే. మైదా బదులు పుట్నాల పొడి వాడండి. ముందే వేయించినది, కమ్మని వాసన, చాక్లెట్‌తో బాగా కలుస్తుంది.

అపోహ: ఫ్రిజ్‌లో పెడితే అన్నీ సర్దుకుంటాయి.

టెంపరింగ్ తప్పిన చాక్లెట్‌ను ఫ్రిజ్ బాగుచేయదు. తప్పనిదాన్ని కూడా మూతలేకుండా పెడితే, బయటికి తీయగానే తేమ పట్టి, చక్కెర పైకి తేలి, తెల్లని గరుకు మచ్చలు వస్తాయి. కృష్ణ ఒడ్డున ఉన్న ఊరు, గాలిలో తేమ తక్కువేమీ కాదు. గాలి చొరని డబ్బాలో పెట్టండి, బయటికి తీశాక డబ్బా చల్లదనం పోయేదాకా మూత తీయవద్దు. వేడికి కొవ్వు తేలి వచ్చే బూడిద చారలు వేరు. రెండూ బూజు కావు. తినవచ్చు, కానీ అమ్మకూడదు.

అపోహ: ఫాంటసీ అంటే విదేశీ కథలే. ఆ బొమ్మల అచ్చులు కొంటే చాలు.

పేరున్న సినిమా, నవల పాత్రల పేర్లకూ గుర్తులకూ హక్కుదారులుంటారు. ఇంట్లో పిల్లలకు చేసుకోవడం వేరు, ఆ పేరు పెట్టి అమ్మడం వేరు. అమ్మేవాళ్లు జాగ్రత్తపడాలి. ఇంటి నుంచి అమ్మినా ఎఫ్ఎస్ఎస్ఏఐ నమోదు ఉండాలి, పల్లీలు, బాదం, పాలు కలిస్తే చీటీ మీద రాయాలి.

అసలు మన ఇళ్లలో అమ్మమ్మలు చెప్పిన కథలకు కొదవేముంది? నాకు బాగా ఇష్టమైనది మర్రితొర్ర. డార్క్ చాక్లెట్‌తో గుల్లగా మాను చేసి, లోపల చైనా గ్రాస్ చిలుకను దాస్తాను. మాంత్రికుడి ప్రాణం అందులోనే ఉందని చెప్పి పిల్లల చేతికి చిన్న చెక్క సుత్తి ఇస్తాను. చిలుకను రెండు మూడు రోజులు ఫ్యాను గాలికి ఆరబెట్టి, పైన చక్కెర పొర కట్టాకే లోపల పెట్టాలి, లేకపోతే దాని తడి మానును పాడుచేస్తుంది. మంత్రదండానికి ఒకే రంధ్రమున్న బిళ్ళతో నిడుపుగా ఒత్తి వేయించిన జంతిక వాడతాను. పూర్తిగా చల్లారాక చాక్లెట్‌లో ముంచితే ఉప్పూ తీపీ కలిసి అద్భుతంగా ఉంటుంది. కొండపల్లి ఏనుగును చాక్లెట్‌లో ఒత్తి అచ్చు తీయమని కొందరు అడుగుతారు. రంగు వేసిన బొమ్మ ఆహారాన్ని తాకకూడదు. దాన్ని పళ్లెం పక్కన అంబారీతో నిలబెట్టండి, అందమే.

డ్రాగన్ గుడ్డు లోపలి ముద్దకు కొలత: చాక్లెట్ రెండు వంతులు, క్రీము ఒక వంతు. మన దుకాణాల్లో దొరికే డబ్బా క్రీములో కొవ్వు 25 శాతమే ఉంటుంది కాబట్టి చాక్లెట్ రెండున్నర వంతులకు పెంచండి. పైన బాదం రేకులను కింది నుంచి పైకి ఒకదాని మీద ఒకటి అతికిస్తే పొలుసులవుతాయి. ఆ పని ఐదేళ్ల పిల్లలకు అప్పగించవచ్చు. ఫ్రిజ్‌లో పెట్టి మూడు నాలుగు రోజుల్లో తినేయాలి.

ఏప్రిల్, మే నెలల్లో పుట్టినరోజు ఉంటే నేను చాక్లెట్ మానుకు ఒప్పుకోను. శంఖుపూల మణులు, కాంపౌండ్ పూసిన జంతిక దండాలు, బెల్లం పాకంతో నువ్వుల కోట చేసి ఇస్తాను. మర్రితొర్రే కావాలంటే నవంబరు నుంచి ఫిబ్రవరి మధ్య అడగండి. పొద్దున్నే, ఎండ ముదరక ముందే వచ్చి తీసుకెళ్లండి.