మణికట్టు విరిగితే: కట్టు గురించి అపోహలు - వాస్తవాలు

కింద పడేటప్పుడు ఎవరైనా ముందు చెయ్యే ఆనిస్తారు. అలిపిరి మెట్ల మీద వాన తడికి జారినా, బాత్రూంలో పడినా, బండి స్కిడ్ అయినా ఒంటి బరువంతా అరచేతి మీదుగా మణికట్టుకే దిగుతుంది. తిరుపతిలో ఎముకల డాక్టరుగా నేను మణికట్టు విరిగినవాళ్లను చూడని వారం ఉండదు. వాళ్ల వెంట వచ్చే మాటలూ ఎప్పుడూ వినేవే. పక్కింటివాళ్లు, బంధువులు, ఆటో డ్రైవరు, అందరూ మంచి మనసుతోనే చెబుతారు. కానీ ఆ మాటల్లో కొన్ని చేతికే చేటు తెస్తాయి.

ఒక సంగతి ముందే చెప్పేస్తాను. ఎముకను డాక్టరూ అతికించడు, కట్టూ అతికించదు. అతికించుకునేది మన ఒళ్లే. అప్పటిదాకా ముక్కలు పక్కకు జరగకుండా పట్టి ఉంచడమే కట్టు పని.

అపోహ: "వేళ్లు ఆడుతున్నాయి కదా సార్, విరిగుండదు. బెణికిందంతే."

వేళ్లను ఆడించే కండలు చాలావరకు ముంజేతిలో ఉంటాయి. వాటి టెండన్లు, అంటే కండను ఎముకకు కలిపే తాళ్లలాంటివి, మణికట్టు మీదుగా వేళ్లకు వెళ్తాయి. కింద ఎముక విరిగినా టెండన్ తెగదు కాబట్టి వేళ్లు ఆడుతూనే ఉంటాయి. మణికట్టు ఎముక ఇలా విరగడం గురించి ఐర్లండ్ సర్జన్ అబ్రహాం కోలీస్ 1814లోనే రాశారు. ఎక్స్‌రే వచ్చింది 1895లో. అంటే ఆయన చేత్తో తడిమి, ఆకారం చూసి పోల్చుకున్నారన్నమాట. ఇప్పటికీ మేం ముందు చూసేది అదే: మణికట్టు పైభాగం ఎత్తుగా లేచిందా, బొటనవేలి వైపు ఎముక కొస నొక్కితే ప్రాణం లేచిపోతోందా అని.

మణికట్టులోనే ఇంకో చిన్న ఎముక ఉంది, స్కాఫాయిడ్. కుర్రాళ్లలో ఎక్కువగా విరుగుతుంది. బొటనవేలు పైకి లేపితే దాని మొదట్లో చిన్న గుంట పడుతుంది చూడండి, అక్కడ నొక్కితే నొప్పి అంటే మాకు అనుమానమే. మొదటి రోజు ఎక్స్‌రేలో ఇది కనిపించకపోవచ్చు. అందుకే ఎక్స్‌రే మామూలుగా ఉన్నా కట్టు వేసి, 10 నుంచి 14 రోజుల తర్వాత మళ్లీ తీస్తాం, లేదా ఎంఆర్ఐ చేయిస్తాం. "ఏం లేదన్నారు, మరి కట్టెందుకు?" అని చాలామంది అడుగుతారు. ఆ ఎముకకు రక్తం చాలావరకు వేళ్ల వైపు నుంచి వెనక్కి వస్తుంది. మధ్యలో విరిగితే వెనక ముక్కకు రక్తం అందక చచ్చుబడే ప్రమాదం ఉంది. రెండు వారాలు కట్టుతో ఉండటం దాని కంటే ఎంతో మేలు.

అపోహ: "ఎంత బిగించి కడితే అంత తొందరగా అతుక్కుంటుంది."

నన్ను అన్నిటికంటే భయపెట్టే మాట ఇదే.

విరిగిన చోట మొదటి మూడు నాలుగు రోజులు వాపు పెరుగుతుంది. ఆ సమయంలో చుట్టూ గట్టి కట్టు ఉంటే వాపుకు పోయే దారుండదు. లోపల ఒత్తిడి పెరిగి కండకు రక్తం ఆగిపోతుంది. కొన్ని గంటల్లోనే కండ చచ్చిపోతుంది, వేళ్లు లోపలికి ముడుచుకుని అలాగే ఉండిపోతాయి. జర్మన్ సర్జన్ ఫోక్‌మన్ 1881లోనే దీన్ని వివరించారు. ఒకసారి వచ్చిందంటే ఎంత పెద్ద ఆసుపత్రికి పోయినా పాత చెయ్యి పూర్తిగా తిరిగి రాదు.

అందుకే చాలామందికి మొదట వేసేది స్లాబ్, అంటే అరకట్టు. పిండి (ప్లాస్టర్ ఆఫ్ పారిస్) బ్యాండేజీని ఎనిమిది పది పొరలు మడిచి, నీళ్లలో బుడగలు ఆగేదాకా ముంచి, తడి పిండేసి, దూది చుట్టిన చేతికి ఒక పక్కన ఆనిస్తాం. పైన మెత్తటి గుడ్డ చుడతాం. రెండో పక్క ఖాళీగా ఉంటుంది కాబట్టి వాపుకు చోటు దొరుకుతుంది. పిండి గట్టిపడేటప్పుడు చెయ్యి వెచ్చగా అవుతుంది, కంగారు పడొద్దు. ఈ పిండి జిప్సమ్‌ను వేడి చేసి నీరు తీసేసిన పొడి. మళ్లీ నీళ్లు తగలగానే ఆ వేడి బయటికొస్తుంది. గట్టిపడటానికి కొన్ని నిమిషాలు చాలు, పూర్తిగా ఆరడానికి మాత్రం ఒకటి రెండు రోజులు పడుతుంది. అంతవరకు కట్టును దేనికీ ఆనించి నొక్కకండి. వాపు తగ్గాక, అవసరమైతే నిండు కట్టు వేస్తాం. "సగమే కట్టారు, డాక్టరుకు రాదేమో" అని విప్పించుకుని బయట బిగించి కట్టించుకున్నవాళ్లు మళ్లీ నా దగ్గరికి వస్తే చాలా బాధేస్తుంది.

ఇంటికెళ్లాక కట్టును కాదు, వేళ్లను చూసుకోండి. గోరు నొక్కి వదిలితే రెండు సెకన్లలో ఎర్రదనం తిరిగి రావాలి. నొప్పి మాత్రలకు లొంగకుండా పెరుగుతున్నా, వేళ్లు ఎవరైనా మెల్లగా చాపితే అరిచేంత నొప్పి వస్తున్నా, తిమ్మిరి ఎక్కినా, వేళ్లు తెల్లగానో నీలంగానో మారినా తెల్లారేదాకా ఆగకండి. తిరుపతి రుయా ఆసుపత్రి క్యాజువాలిటీ రాత్రంతా తెరిచే ఉంటుంది. చిత్తూరులో అయితే జిల్లా ఆసుపత్రి ఉంది. కట్టు వదులు చేస్తే ఎముక కదులుతుందేమోనని టెన్షన్ వద్దు. ఎముకను మళ్లీ సరిచేయొచ్చు.

అపోహ: "కట్టు వంకరగా వేశారు."

ఎముక తిన్నగా నిలవాలంటే కట్టును కొంచెం వంచే వేయాలి. మూడు చోట్ల అరచేత్తో ఒత్తి పట్టుకుంటేనే ముక్క వెనక్కి జారదు. గుండ్రటి గొట్టంలా అందంగా ఉన్న కట్టులోనే ఎముక జారిపోయే అవకాశం ఎక్కువ.

అపోహ: "వారం వారం ఎక్స్‌రే డబ్బుల కోసమే."

వాపు తగ్గితే కట్టు వదులవుతుంది, ముక్క జరుగుతుంది. మొదటి రెండు మూడు వారాల్లో కనిపెడితే సరిచేయడం సులువు. ఆ తర్వాత వంకరగానే అతుక్కుంటుంది. మణికట్టు ఎక్స్‌రేలో పడే రేడియేషన్ అంటారా, అది ప్రకృతి నుంచి ఒక్క రోజులో మనకు అందే దానికంటే తక్కువ.

అపోహ: "పుత్తూరు కట్టు ఉండగా ఆసుపత్రి ఎందుకు?"

మన ప్రాంతంలో ఈ మాట లేకుండా ఎముకల గురించి మాట్లాడలేం. చెన్నై, బెంగళూరు వీధుల్లో కూడా పుత్తూరు కట్టు బోర్డులు కనిపిస్తాయి. ఆకు పసరు, కోడిగుడ్డు తెల్లసొన, వెదురు దబ్బలు, గుడ్డ, వీటితో వేసే నాటుకట్టు అది. తరతరాలుగా వస్తున్న ఆ నమ్మకాన్ని నేను కించపరచను. వెదురు దబ్బ కూడా పట్టి ఉంచే పనే చేస్తుంది. ముక్కలు పక్కకు జరగని చిన్న చీలికలు ఏ కట్టులోనైనా, సరిగ్గా పట్టి ఉంచితే అతుక్కుంటాయి. బాగైనవాళ్లు ఊరంతా చెబుతారు, కానివాళ్లు మౌనంగా మా దగ్గరికి వస్తారు.

అందుకే నేను అడిగేది ఒక్కటే: ఎక్కడికి పోయినా ముందు ఎక్స్‌రే తీయించి ఎముకల డాక్టరుకు చూపించండి. కీలులోకి చీలిన ఎముక, పూర్తిగా జరిగిపోయిన ముక్క, పిల్లల మోచేతి దగ్గర విరిగిన ఎముక, వీటిని నాటుకట్టుతో వదిలేయొద్దు. చర్మం చీలి ఉంటే పసరు అసలు తగలనివ్వకండి. శుభ్రమైన గుడ్డ కప్పి, టీటీ ఇంజెక్షన్ కోసం, గాయం కడిగించడం కోసం నేరుగా ఆసుపత్రికి రండి. కొత్తగా విరిగిన చోట నూనె మర్దన ఎవరు చేస్తామన్నా వద్దనండి.

అపోహ: "ఆపరేషన్ చేస్తేనే చెయ్యి పనికొస్తుంది."

కొన్నిటికి ఆపరేషన్ తప్పదు. కానీ అన్నిటికీ కాదు. బ్రిటన్‌లో చేసిన ఒక పెద్ద పరిశోధన 2022లో వచ్చింది. ఎముకను సరిచేశాక సగంమందికి కట్టు, సగంమందికి ఆపరేషన్‌తో ఎముకలోకి సన్నటి లోహపు తీగలు వేసి చూశారు. ఏడాది తర్వాత చేతి పనితనంలో తేడా కనిపించలేదు. అయితే కట్టు వేసినవాళ్లలో సుమారు ఎనిమిది మందికి ఒకరికి ఎముక జరిగి, మొదటి ఆరు వారాల్లోనే ఆపరేషన్ చేయాల్సి వచ్చింది. పైన ఎక్స్‌రేల గురించి అంత గట్టిగా చెప్పింది ఇందుకే. డెబ్బై దాటిన అవ్వలకైతే ఎముక కొంచెం వంకరగా అతికినా జడ వేసుకోవడం, సంగటి గెలకడం మామూలుగానే చేసుకుంటారు. ఎక్స్‌రే చూసి కాదు, మనిషిని చూసి నిర్ణయించాలి.

పిల్లల సంగతి ఇంకా తేలిక. వాళ్ల ఎముక చాలాసార్లు విరగకుండా ఒక పక్క నొక్కుకుపోతుంది. అలాంటిదానికి గట్టి కట్టే అక్కర్లేదు. విప్పి పెట్టుకునే స్ప్లింటో, మెత్తటి బ్యాండేజీనో చాలు. దాదాపు మూడు వారాల్లో మళ్లీ ఆటలకు సిద్ధం.

అపోహ: "ఫైబర్ కట్టుతో స్నానం చేయొచ్చు."

పైపొర తడవదు, నిజమే. లోపలి దూది తడుస్తుంది. తడిసిన దూది కింద చర్మం పుండవుతుంది. దురద పెడితే స్కేలూ, అల్లిక సూదీ దూర్చకండి. హెయిర్ డ్రయ్యర్ చల్లగాలి పెట్టండి.

అపోహ: "కట్టు తీసేదాకా చెయ్యి కదపకూడదు."

కదపకూడనిది మణికట్టు ఒక్కటే. వేళ్లు, మోచెయ్యి, భుజం మొదటి రోజు నుంచే కదపాలి. గంటకోసారి పిడికిలి పూర్తిగా బిగించి, పూర్తిగా తెరవండి. చెయ్యిని మెడ నుంచి నెలరోజులు వేలాడదీసుకుని తిరిగి, మణికట్టు బాగై భుజం బిగుసుకుపోయినవాళ్లు ఎందరో. ఇంకొకటి, విరిగిన కొన్ని వారాలకు బొటనవేలు ఉన్నట్టుండి పైకి లేవకపోతే వెంటనే రండి. ఎముక గరుకుకు రాసుకుని టెండన్ తెగిపోతుందప్పుడప్పుడు, చిన్న చీలికల్లో కూడా.

అపోహ: "వంకాయ, పులుపు తినకూడదు. నల్లేరు తింటే చాలు."

పథ్యం అవసరం లేదు. నల్లేరు పచ్చడి ఇష్టమైతే తినండి, కట్టుకు బదులు మాత్రం కాదు. గుడ్లు, పప్పు, పాలు, రాగి సంగటి బాగా తినండి. 100 గ్రాముల రాగుల్లో 300 మిల్లీగ్రాములకు పైనే కాల్షియం ఉంటుంది. మానాల్సింది బీడీ, సిగరెట్, గుట్కా. పొగాకు ఎముక అతుక్కోవడాన్ని నిజంగానే ఆలస్యం చేస్తుంది. షుగర్ కూడా అదుపులో ఉండాలి.

అపోహ: "కట్టు తీశారు, ఇక అయిపోయింది."

పెద్దవాళ్లకు సాధారణంగా ఐదారు వారాలకు కట్టు తీస్తాం. కోసే రంపం గిర్రున తిరగదు, అటూ ఇటూ అదురుతుంది, అందుకే చర్మం తెగదు. వేడిగా అనిపిస్తే మాత్రం చెప్పండి, ఆపుతాం. లోపల చెయ్యి సన్నబడి, పొట్టు రేగి, బిగుసుకుని ఉంటుంది. పట్టు పూర్తిగా రావడానికి నెలలు పడుతుంది, రోజూ వ్యాయామం చేయాల్సిందే.

యాభై దాటిన ఆడవాళ్లు నిలబడ్డ చోటనే జారిపడి మణికట్టు విరిగిందంటే, ఎముకలు గుల్లబారాయేమో చూడాలి. ఎముక గట్టిదనం కొలిచే డెక్సా స్కాన్ చేయించండి, విటమిన్ డి పరీక్ష గురించి డాక్టరును అడగండి. ఇప్పుడు మందులు మొదలుపెడితే రేపు తుంటి విరిగే ముప్పు తగ్గించగలం.